ఆటపద్దుల తాళపుచెవి

పిల్లలు కంప్యూటరు ఆటల యెదుట కూర్చుండి కాలము వ్యర్థపుచ్చుచున్నారని నేటి తలిదండ్రులు తఱచుగా చింతించుచున్నారు. ఆ చింత నిష్కారణమైనది కాదు. అయినను ఆటలాడు పిల్లలందఱును ఒక్క తెగవారు కారు. కొందఱు ఆటను ఆడి విడిచిపెట్టెదరు. మఱికొందఱు ఆటను విప్పి, లోపల నేమున్నదో పరిశీలించి, తప్పున్నచోట దిద్ది, లేనిదానిని చేర్చెదరు. ఈ రెండవ తెగవారిని లోకము 'మాడర్లు' అని పిలుచుచున్నది. వారి పనిలో నొక గొప్ప చదువు దాగియున్నదనియు, మన బొగ్గుగనుల ప్రాంతపు బాలబాలికలకు ఆ చదువు మిక్కిలి యవసరమనియు నా యభిప్రాయము. దానిని కారణములతో విన్నవించుటకే ఈ వ్యాసము.

ఆటను దిద్దవలసిన పని యేల కలుగును? క్రీడల లోకము నిత్యము మాఱుచుండును. ఆట మాత్రము అమ్మకమునకు వచ్చిననాటి లోకమునే చూపుచుండును. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కంపెనీవారి 'క్రికెట్ 07' అను ఆట 2006 నవంబరులో వెలువడెను. తక్కువ శక్తిగల కంప్యూటర్లపై కూడ నడచునది గనుక మన దేశములో అది బహుళవ్యాప్తి నొందెను. ఆ వరుసలో ఆ కంపెనీ మఱియొక ఆటను వెలువరింపలేదు. 2008లో ఇండియన్ ప్రీమియర్ లీగు మొదలయ్యెను. 2009లో హైదరాబాదు జట్టైన డెక్కన్ చార్జర్స్ విజేత యయ్యెను. 2012లో ఆ జట్టు అంతరించి, 2013 పోటీలలో సన్‌రైజర్స్ దాని స్థానమున వచ్చెను. వీనిలో నొక్కటియు ఆ ఆటకు తెలియదు. అయినను మన పిల్లలు ఆ పాత ఆటలోనే ఈ క్రొత్త జట్ల నాడించిరి. కంపెనీ చేయనిదానిని అభిమానులే చేసి, ఉచితముగా పంచిపెట్టినందున అది సాధ్యమయ్యెను.

ఫుట్‌బాలు సంగతియు నట్టిదే. ఇండియన్ సూపర్ లీగు 2014లో మొదలైనను, 2021లో వచ్చిన 'ఫిఫా 22' వఱకు ఫిఫా ఆటలలో దానికి చోటు దొరకలేదు. 2022 మార్చిలో హైదరాబాదు ఎఫ్.సి. ఆ లీగులో విజేత యయ్యెను. 2025లో ఆ సంఘము ఢిల్లీకి తరలి, పేరు మార్చుకొనెను. లోకములో జట్టు ఊరు మాఱినను, పాత ఆటలో అది మాఱదు. ఎవరో ఒకరు లోపలి పద్దును తెఱచి దిద్దవలెను.

ఇక ఆ పద్దు ఎట్లుండునో చూతము. ఇట్టి ఆటలలో ఆటగాండ్ర వివరములు డేటాబేసు అనబడు పట్టికల సంపుటిలో నుండును. ఫిఫా ఆటలో ఆటగాండ్ర కొక పట్టిక, జట్ల కొక పట్టిక, లీగుల కొక పట్టిక కలవు. ప్రతి ఆటగానికిని ఒక సంఖ్య, ప్రతి జట్టుకును ఒక సంఖ్య యుండును. చిత్రమేమనగా, ఆటగాని వరుసలో అతని జట్టు పేరు కానరాదు. ఆటగాని సంఖ్యను, జట్టు సంఖ్యను జతపఱచు పట్టిక వేఱుగా నుండును. ఆటగాడు ఒక జట్టునుండి మఱియొక జట్టునకు పోయినప్పుడు ఆ జతపట్టికలో జట్టు సంఖ్యను మార్చిన చాలును. అతని వయస్సును గాని నైపుణ్యమును గాని తాకనక్కఱలేదు. పేర్లును అట్లే ప్రత్యేకపు పట్టికలో నుండును. ఆటగాని వరుసలో పేరుయొక్క సంఖ్య మాత్రమే యుండును.

ఈ పద్ధతి ఆటలకొఱకు పుట్టినది కాదు. ఒక్క సంగతిని ఒక్కచోటనే వ్రాసి, తక్కిన చోట్ల సంఖ్యలచే దానిని సూచించుకొనవలెనను భావమునకు శాస్త్రీయమైన పునాది వేసినవాడు ఐ.బి.ఎం. సంస్థలో పనిచేసిన ఎడ్గార్ కాడ్. ఆయన ప్రసిద్ధ వ్యాసము 1970లో ప్రకటింపబడెను. నేడు బ్యాంకు లెక్కలు, రైలు టిక్కెట్లు, జీతముల పద్దులు పెక్కుచోట్ల ఈ మార్గముననే నడచుచున్నవి. కావున ఆటలోని పట్టికను చదువ నేర్చిన పిల్లవాడు, తెలిసియో తెలియకయో, బ్యాంకు పట్టికను చదువుటకు కావలసిన మొదటి పాఠమును నేర్చుచున్నాడు.

అయితే ఆ పట్టిక మన రిజిస్టరు పుస్తకమువలె తెఱచిన వెంటనే కనబడదు. యంత్రమునకు స్థలము కలిసివచ్చుటకై సంగతులన్నియు బిట్టులుగా, అనగా సున్నలు ఒకట్లుగా, సందులేక కుదించి నింపబడియుండును. ఏ సంఖ్య ఎక్కడ ముగిసి, తరువాతిది ఎక్కడ మొదలగునో పైనుండి చూచినవానికి తెలియదు. నిలువు వరుసల పేర్లుకూడ ఆ ఫైలులో నాలుగేసి అక్షరముల పొట్టి గుర్తులుగానే యుండును. ఆ గుర్తులను చూచి ఇది ఎత్తు, ఇది బరువు అని చెప్పుట కష్టము.

ఇచ్చటనే తాళపుచెవి యవసరమగును. ఫిఫా ఆటలలో డేటాబేసు ఫైలునకు తోడుగా 'మెటా' అను పేరుగల యెక్స్‌ఎంఎల్ ఫైలొకటి యుండును. అది సాదా అక్షరములలో వ్రాయబడినది గనుక మనుష్యులును చదువవచ్చును. దానిలో ఆటగాండ్ర వివరములు లేవు. పట్టికల తీరు మాత్రమే కలదు. ప్రతి పట్టికకును పూర్తి పేరేది, పొట్టి గుర్తేది. ప్రతి నిలువు వరుసయు సంఖ్యయా, అక్షరములా. దానికి ఎన్ని బిట్టులు. దాని కనిష్ఠమెంత, గరిష్ఠమెంత. వరుసను గుర్తించు కీలక సంఖ్య యేది అనునవి అందు చెప్పబడియుండును. ఇట్టి వివరణమునకే 'స్కీమా' అని పేరు. 'డి.బి. మాస్టర్' వంటి పనిముట్లు ఈ రెండు ఫైళ్లను జతగా చదివి, బిట్టుల గుంపును మనకు తెలిసిన పట్టికలుగా విడదీసి చూపును. స్కీమా లేనిచో ఆ పనిముట్టునకు దారి తెలియదు.

ఒక యుదాహరణము. ఆటగాని నైపుణ్యమును 1 మొదలు 99 వఱకు గల సంఖ్యతో కొలిచెదరు. దానికి ఏడు బిట్టులు చాలును. ఏలయన రెండును ఏడు మారులు హెచ్చించిన 128 వచ్చును. ఆటగాడు కుడికాలివాడో ఎడమకాలివాడో చెప్పుటకు ఒక్క బిట్టు చాలును. ఆటలో కుడికాలునకు 1, ఎడమకాలునకు 2 అని గుర్తు. ఒక్క బిట్టులో సున్నయు ఒకటియు తప్ప పట్టవుగదా, రెండెట్లు వచ్చును? స్కీమాలో కనిష్ఠము 1 అని యున్నచో, లోపలి సున్నకు ఆ కనిష్ఠమును కలిపి 1 అనియు, లోపలి ఒకటికి కలిపి 2 అనియు చదువవలెను. గణితపు పుస్తకములో రెండంకెల సంఖ్యామానమును చూచి నిట్టూర్చు బాలుడే, తన యభిమాన ఆటగాని కాలిని మార్చుటకై ఈ లెక్కను అర్ధరాత్రివఱకు మేలుకొని నేర్చుకొనును. ఉపాధ్యాయులమైన మనము ఆ యాసక్తిని చూచి సంతోషింపవలదా?

స్కీమా సమస్తమును చెప్పదు. ఆటగాని పుట్టినతేది ఆ పట్టికలో లక్షకు మించిన సంఖ్యగా కనబడును. అది సంఖ్య యని మాత్రమే స్కీమా తెలుపును. దాని యర్థమును ఆలోచనచేత సాధింపవలెను. తేది తెలిసిన ఆటగాండ్ర నిద్దఱు ముగ్గురిని తీసికొని, వారి సంఖ్యల భేదమును దినముల భేదముతో పోల్చినచో, అది యొక దినమునుండి లెక్కించిన దినముల మొత్తమని తేలును. ఆ దినము 1582 అక్టోబరు 14. ఆ లెక్కన 1947 ఆగస్టు 15 అనునది 133253 అగును. ఆ దినమేల? 1582లో పోపు పదమూడవ గ్రెగరీ పంచాంగమును సంస్కరించినప్పుడు, అక్టోబరు 4కు మరునాడు అక్టోబరు 15 అని లెక్కింపబడెను. మనము నేడు వాడు క్యాలెండరుకు అదియే మొదటి దినము. దానిని 1గా లెక్కించుటకై ముందటి దినమును సున్నగా గైకొనిరి. ఫుట్‌బాలు ఆటగాని వయస్సును దిద్దబోయిన పిల్లవాడు నాలుగు వందల యేండ్ల వెనుకటి చరిత్రలో ప్రవేశించెను. ఇట్టి దారిని మూయుట వివేకము కాదు.

మన గనులలో సర్వేయరు గీసిన ప్లాను ఎంత విలువైనదో ఇక్కడి ప్రతి కుటుంబమునకును తెలియును. ప్లానులో బొగ్గు లేదు. అయినను ఏ సొరంగము ఎటు పోవుచున్నది, నీరు నిలిచిన పాత పనులు ఎంత దూరమున నున్నవి యని అది చెప్పును. ప్లాను చూడక త్రవ్వువాడు తనకును తోడివారికిని ముప్పు తెచ్చును. డేటాబేసునకు స్కీమా అట్టిదే. ఏడు బిట్టుల చోట 200 అని వ్రాయబోయిన అది పట్టదు. కీలక సంఖ్యను రెండు వరుసలకు ఒకటిగా ఇచ్చినచో ఇద్దఱు ఆటగాండ్రు ఒక్కరై కలగాపులగమగుదురు. జట్టును తుడిచివేసి జతపట్టికను మఱచినచో, లేని జట్టునకు ఆటగాండ్రు మిగిలి, ఆట నడుమ ఆగిపోవచ్చును. అందుచేతనే మంచి మాడరు మొదట మూలఫైలునకు నకలు తీసి భద్రపఱచును. ఒక్కొక్క మార్పు చేసి, ఆటను నడిపి చూచి, పిమ్మట రెండవదానికి పోవును. ఈ క్రమశిక్షణ యెక్కడ నేర్చినను క్రమశిక్షణయే.

ఇక మన ప్రాంతమునకు ఈ చదువు ప్రత్యేకముగా నేల యవసరమో చెప్పెదను. పేరు పద్దులో ఒకటి, లోకములో వేఱొకటి యగుటవలన కలుగు దుఃఖమును గోదావరిఖని, రామగుండము వాసులకు వేఱుగా వివరింపనక్కఱలేదు. పూర్వము మారుపేర్లతో గనిపనిలో చేరినవారి సంగతియు, వారి వారసులు పడిన చిక్కులును సింగరేణి ప్రాంతమున చిరకాలముగా చర్చలో నున్నవే. పుట్టినతేది ఒక కాగితములో ఒకతీరు, మఱియొక కాగితములో మఱియొకతీరు ఉండుటచే కార్మికులకు కలుగు వివాదములును క్రొత్తవి కావు. నాడు పద్దు మస్టరు పుస్తకములో నుండెను. నేడు కంప్యూటరు పట్టికలో నున్నది. భూమి, జీతము, రేషను కార్డు, విద్యార్థి వేతనము అన్నియు అట్టి పట్టికలకే యెక్కినవి. అక్కడ తప్పు దొర్లినప్పుడు, "కంప్యూటరులో అట్లే యున్నది" అను మాట విని తలవంచి మరలువారు పెక్కుమంది. స్కీమా చదువ నేర్చినవాడు మాత్రము అడుగవలసిన ప్రశ్న నెఱుగును: నా వరుసలోనే తప్పున్నదా, నన్ను వేఱొకరి సంఖ్యకు జతపఱచుటలో తప్పున్నదా? సరిగా అడిగిన ప్రశ్నకు గుమాస్తాయు త్వరగా జవాబీయగలడు.

మఱియు 1990ల యారంభమున లక్షకు మించిన కార్మికులుండిన సింగరేణిలో నేడు సుమారు 40 వేలమంది మాత్రమే యున్నారు. తాత దిగిన గనిలోనే మనుమడును దిగునను భరోసా సన్నగిల్లినది. కావున మన పిల్లలకు చేతిలో నింకొక పని యుండవలెను. పట్టికలను నిర్మించి, కాపాడి, దిద్దు పని నేటి లోకమున గౌరవప్రదమైన వృత్తి.

స్కీమా మఱియొక సంగతిని కూడ నేర్పును. ప్రతి పట్టిక వెనుకను ఒక మనుష్యుని నిర్ణయముండును. ఫిఫా ఆటలో ఆటగాని పేరునకు మొదటి పేరు, కడపటి పేరు, వాడుకపేరు, చొక్కాపై పేరు అని స్థలములు కలవు. ఒంటిపేరుతో ప్రసిద్ధులైన బ్రెజిల్ ఆటగాండ్ర వంటివారికి వాడుకపేరు స్థలము ఉపకరించును. మన తెలుగువారి మాటయేమి? మనకు ఇంటిపేరు ముందు వచ్చును. వంగిపురపు వెంకట సాయి లక్ష్మణ్ అను పేరులో ఏది మొదటిది, ఏది కడపటిది? వరుసనుబట్టి నింపినచో ఇంటిపేరే సొంతపేరగును. 2025 జనవరిలో, పందొమ్మిదేండ్ల లోపు బాలికల ప్రపంచ కప్పులో స్కాట్లండుపై అజేయముగా 110 పరుగులు చేసి, ఆ పోటీలలో మొదటి శతకము సాధించిన భద్రాచలపు బాలిక పేరు కొన్ని పట్టికలలో గొంగడి త్రిష యనియు, కొన్నింట త్రిష గొంగడి యనియు కానవచ్చును. ఆమె తప్పేమియు లేదు. పట్టిక గీసినవాడు మన యాచారమును తలపక గీసెను. ఈ సంగతిని గ్రహించిన విద్యార్థి రేపు తానే పట్టిక గీయునప్పుడు, తన పట్టికలో ఎవరి పేరు ఇముడకపోవునో యని ముందుగా ఆలోచించును.

ఇందుకు కొన్ని యాక్షేపణలు కలవు. మొదటిది, కాలవ్యయము. ఇది నిజమే, పరీక్షల దినములలో ఏ వ్యసనమైనను హానికరమే. అందుచేత హద్దులు పెట్టుడు గాని ద్వారము మూయకుడు. రెండవది, మోసము. తన యింట తానాడుకొను ఆటలో ఆటగాని బలమును పెంచుకొనుట వినోదము. ఎదుటివానితో ఇంటర్నెట్టులో పోటీపడునప్పుడు రహస్యముగా బలము పెంచుకొనుట వంచన; అది తూనికరాళ్లను తగ్గించిన వర్తకుని పనికి భిన్నము కాదు. ఈ భేదమును పిల్లలకు స్పష్టముగా బోధింపవలెను. మూడవది, ఆస్తి హక్కు. ఆట దానిని చేసిన కంపెనీది. వెల యిచ్చి కొనిన ప్రతిలోనే, కంపెనీ నిబంధనలు చూచుకొని దిద్దవలెను, దొంగప్రతులను పంచరాదు, ఇతరులు శ్రమించి చేసిన మార్పులను తనవని చెప్పుకొనరాదు. నాలుగవది, అపాయము. ఎవరు పెట్టిరో తెలియని చోటునుండి ఫైళ్లను దించుకొనినచో కంప్యూటరునకు వైరసులు సోకవచ్చును. ఈ నాలుగును జాగ్రత్త నేర్పుటకు కారణములు. చదువును మానిపించుటకు కారణములు కావు.

మన పాఠశాలలో ఏమి చేయవచ్చును? ఖరీదైన ఆటలు కొననక్కఱలేదు. వార్షిక క్రీడోత్సవమునకు ముందు విద్యార్థులచే కాగితముమీద ఒక స్కీమా వ్రాయింపవచ్చును. విద్యార్థుల పట్టిక యొకటి, జట్ల పట్టిక యొకటి, పోటీల పట్టిక యొకటి, ఎవరు ఏ జట్టున ఏ పోటీలో నున్నారో చెప్పు జతపట్టిక యొకటి. ప్రతి నిలువు వరుసకును పేరు, జాతి, కనిష్ఠము, గరిష్ఠము వ్రాయవలెను. పిమ్మట ఎస్‌క్యూలైట్ అను ఉచిత సాధనములో దానిని నిర్మింపవచ్చును. 2000లో వెలువడిన ఆ సాధనము నేడు ఆండ్రాయిడు ఫోనులలోను ఇమిడియున్నది. ఒక తరగతి వ్రాసిన స్కీమాను మఱియొక తరగతి చదివి తప్పులు పట్టవలెను. బాలికలును ఈ పనిలో సమానముగా పాల్గొనవలెను.

చరిత్రనుకూడ దీనితో ముడివేయవచ్చును. హైదరాబాదునకు చెందిన సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో భారత ఫుట్‌బాలు జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్సులో నాల్గవ స్థానము పొందెను. 1962లో జకార్తా ఆసియా క్రీడలలో దక్షిణ కొరియాను 2–1తో ఓడించి స్వర్ణపతకము గెలిచెను. సికిందరాబాదు ప్రాంతపు తులసీదాస్ బలరాం ఆ రెండు జట్లలోను ఆడెను. ఆ జట్టును ఆటలో మరల నిలుపగోరు విద్యార్థి ప్రతివాని పుట్టినతేది, ఎత్తు, ఆడిన స్థానము వెదకవలెను. స్కీమాలోని ఖాళీగడి యతనిని గ్రంథాలయమునకు నడిపించును. దొరకని సంగతిని ఊహించి వ్రాయవచ్చునా, ఖాళీగా విడువవలెనా యను ధర్మప్రశ్నయు అచ్చటనే యెదురగును.

తలిదండ్రులారా, మీ పిల్లవాడు ఆటను విప్పి కూర్చున్నప్పుడు కోపించుటకు ముందు ఒక్క ప్రశ్న వేయుడు: "నాయనా, నీవు మార్చుచున్న దేమి? దాని తీరు వ్రాసిన ఫైలేది? నాకు చూపుము." చూపలేనిచో వాడు ఆడుకొనుచున్నాడని తెలిసికొని, లేపి చదువుకు పంపుడు. చూపి, ఇది కనిష్ఠము, ఇది గరిష్ఠము, ఇది జతపట్టిక యని మీకు బోధపఱచినచో, కొంతసేపు వాని ప్రక్కన కూర్చుండుడు. మీ పేరును, మీ తండ్రిగారి పేరును, మీ ఇంటిపేరును తప్పులేక వ్రాయగల చేయి అక్కడనే తయారగుచుండవచ్చును.